పొద్దు ఆరేసిన తలపాగా

ఒకప్పుడు సాయంత్రం అనేదే లేదు. నిజంగానే! సూర్యుడు పడమటి కొండ అంచుదాకా వచ్చేవాడు, బావిలో చేద జారిపడ్డట్టు దబ్బున దిగిపోయేవాడు. ఆ మరుక్షణమే కటిక చీకటి. దారిలో ఉన్నవాళ్ళు దారిలోనే చతికిలబడేవాళ్ళు. నోట్లో పెట్టుకోబోయిన ముద్ద ముక్కుకి తగిలేది. నవ్వకండి, మీరైతే ఏడ్చేవాళ్ళు.

ఆ రోజుల్లో నూకాలు అని ఒకావిడ ఉండేది. ఊళ్ళో వరినాట్లు పడేటప్పుడు గట్టు మీద నిలబడి పాడడం ఆవిడ పని. అబ్బ, ఏం గొంతనుకున్నారు! ఆవిడ రాగం తీసిందంటే కాలం నడక మరిచిపోయేది. తూనీగ గాల్లోనే నిలిచిపోయేది. ముంతలోంచి ఒంచిన అంబలి మధ్యలో ఆగేది. సూర్యుడు కూడా ఎక్కడివాడు అక్కడే ఉండిపోయేవాడు. మడిలో వంగిన ఆడవాళ్ళ చేతులు మాత్రం ఆ పాటకి చకచకా ఆడుతూనే ఉండేవి.

అప్పట్లో వరినారు మరీ సుకుమారం. పొద్దున పీకిన నారు చీకటి పడేలోగా బురదలో నిలబడాలి. లేకపోతే వేళ్ళు వడిలి చచ్చిపోయేది. నారు చస్తే ఇంకేముంది, ఏడాది తిండి పోయినట్టే. అందుకే పొద్దు వాలుతుంటే నూకాలు పాట ఎత్తుకునేది. "ఒక్క చిటికె ఉండు నాయనా, ఇది పిల్లల కూడు" అని బతిమాలేది. ఆయన ఉండేవాడు. నాటు అయిపోవచ్చాక ఆఖరి నారు కుదురు ఆవిడ చేతే పెట్టించేవాళ్ళు. ఆవిడకి ఊరు చేసే మర్యాద అదొక్కటే.

పోనుపోనూ ఆ ఆడవాళ్ళకి బద్ధకం పట్టుకుంది. ఆకూ వక్కా నములుతూ గట్టు మీద కూర్చునేవాళ్ళు. ఒకరి తలలో ఒకరు పేలు చూసుకునేవాళ్ళు. "తొందరేముందే, నూకాలు వదిన ఉందిగా!" అనేవాళ్ళు. ఎండ నడినెత్తికి వచ్చాకగానీ మడిలో కాలు పెట్టేవాళ్ళు కాదు.

మడిలో పురుగులేరుకునే కొంగ ఒకటి ఇదంతా చూస్తూనే ఉంది. ఒకరోజు నూకాలు దగ్గరికి వచ్చి అడిగింది.

"అత్తా, నీ జుట్టు నా రెక్కల్లా అయిపోతోందేం? మొన్నటిదాకా నల్లగా ఉండేదిగా?"

"కాలం ఊరికే ఆగుతుందటే పిచ్చిదానా? ఎవరిదో ఒకరి ఆయుష్షులోంచి తియ్యాలి. నాది తీస్తున్నా."

"అయ్యయ్యో! మరి వాళ్ళకి చెప్పవేం?"

"చెబితే పాడనిస్తారా? నారు చావదూ? నువ్వు నోరు మూసుకో" అంది నూకాలు.

కొంగ నోరు మూసుకుంది పాపం.

ఆ ఏడే కాలవ పక్కన పెద్ద మడి నాటుతున్నారు. నారు కట్టలు కట్టలుగా పీకేశారు. కబుర్లు మాత్రం తెగలేదు. తీరా తలెత్తి చూస్తే సూర్యుడు కొండ దగ్గర! మడి సగానికి సగం అలాగే ఉంది. గట్టు మీద నారు కట్టలు ఒకటే ఏడుపు. "అమ్మా, మా వేళ్ళు ఎండిపోతున్నాయి!"

"నూకాలు వదినా, అందుకో!" అని కేకేసింది వరసలో ముందున్న పైడమ్మ.

నూకాలు కర్ర పట్టుకుని లేచింది. తలంతా దూదిపింజ.

ఇక కొంగ ఉండబట్టలేకపోయింది. మడి మధ్యలో వాలి అరిచింది. "సిగ్గులేదూ మీకు? మీరు కబుర్లాడిన ప్రతి పూటా ఆవిడ ఆయుష్షులోంచే పోయింది. ఇంకొక్క పాట పాడితే ఆవిడ ఉండదు!"

ఆడవాళ్ళ చేతుల్లో నారు చేతుల్లోనే ఉండిపోయింది. పైడమ్మ బురదలోంచి పరిగెత్తుకొచ్చి నూకాలు కాళ్ళు పట్టుకుంది. "వద్దు వదినా! నారు పోతే పోనీ. దుంపలు తవ్వుకుని బతుకుతాం. పాడకు."

"ఏడాది పొడుగునా దుంపలతో పసివాళ్ళు బతుకుతారటే?" అని నూకాలు నోరు తెరిచింది.

"వద్దు తల్లీ!"

ఈసారి అన్నది సూర్యుడు.

"తెల్లారి లేచిన దగ్గర్నుంచి నన్ను తిట్టేవాళ్ళే. మాడ్చి చంపుతున్నాడు, ఎప్పుడు పోతాడో అనేవాళ్ళే. ఉండు నాయనా అన్నది నువ్వొక్కదానివే. ఆ మాట వినాలనే రోజూ ఈ కొండ దగ్గరికి ఉరుక్కుంటూ వస్తున్నా. దానికి నీ ఆయుష్షు పోతోందని నాకు తెలీదమ్మా" అన్నాడు. కొండ మీదికి ఒరిగి మళ్ళీ అన్నాడు.

"నువ్వు పాడకపోతే నేను ఆగలేను. అవతల ఇంకో ఊరు నా కోసం చీకట్లో కూర్చుంది. కానీ నీ రుణం ఉంచుకోను."

అని తన తలపాగా విప్పాడు. పగలంతా వేడికి ఎర్రబడిపోయిన తలపాగా. దాన్ని పడమటి కొండ పొడుగునా ఆరేసి, తను దిగిపోయాడు.

అందరూ గట్టిగా కళ్ళు మూసుకున్నారు. తెరిచి చూస్తే చీకటి లేదు! ఆకాశమంతా ఎర్రగా, పసుపుగా వెలుగుతోంది. బురదనీళ్ళు కూడా మెరుస్తున్నాయి.

"ఏం చూస్తారే, వంగండి!" అంది పైడమ్మ.

ఆ రోజు నూకాలు పాడలేదు. వాళ్ళే పాడారు. ఒకరి శ్రుతి ఒకరికి కలవలేదు, ఏడుపు మధ్యలో అడ్డొచ్చింది. ఆ పాటకి కాలం ఏమీ ఆగలేదు, చేతులే ఎన్నడూ లేనంత జోరుగా కదిలాయి. నూకాలు గట్టు మీద కూర్చుని, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి పాట వింటూ హాయిగా కాళ్ళు చాపుకుంది.

ఒక్క కుదురు మిగిలింది. పైడమ్మ ఆవిడ చెయ్యి పట్టుకుని మడిలోకి దింపింది. నూకాలు దాన్ని నాటి, పడమటికి తిరిగి దణ్ణం పెట్టింది. ఆడవాళ్ళందరూ నూకాలుకి దణ్ణం పెట్టారు. అప్పుడు మెల్లగా చీకటి పడింది.

అప్పటినుంచే సూర్యుడు దిగిపోయినా వెలుతురు వెంటనే పోదు. గేదెలు కొట్టం చేరేదాకా, పిట్టలు గూడు చేరేదాకా, పనికెళ్ళిన మీ అమ్మ గుమ్మంలో అడుగుపెట్టేదాకా, ఆ ఎర్ర తలపాగా ఆకాశంలో ఆరుతూనే ఉంటుంది.