రెండు ఢీల సోమసూత్రం

కంబోడియా దేశంలో, అంకోర్ వాట్ చూసి కళ్లు చెదిరిన యాత్రికులు ఆ చెదిరిన కళ్లను తిరిగి సర్దుకుంటూ వెళ్లే అడవిదారిలో, ప్రాసాత్ రొలుం అనే ప్రాచీన శివాలయం ఉంది. ఖ్మేరు భాషలో ఆ మాటకు కూలిన గుడి అని అర్థం. తెలుగువారు మాత్రం దీనిని వియ్యపురాళ్ల గుడి అని పిలుస్తారు. పైకప్పు ఏనాడో కూలింది. లింగాన్ని ఎవరో ఏ కాలంలోనో తరలించుకుపోయారు. పానవట్టం మిగిలింది, నాలుగు గోడలు మిగిలాయి, ఉత్తరపు గోడలోంచి బయటికి వచ్చి ప్రహరీదాకా సాగిన రాతి తూము మిగిలింది. గర్భగుడిలో అభిషేకం చేసిన నీరు బయటికి పోయే ఈ తూమునే సోమసూత్రం అంటారు. శివాలయంలో ప్రదక్షిణం చేసేవారు సోమసూత్రాన్ని దాటరాదు. అక్కడిదాకా వెళ్లి, వచ్చిన దారినే మళ్లాలి.

ఈ తూము దగ్గర నేటికీ ఒక వింత ఆచారం కనిపిస్తుంది. మాటలు మానేసుకున్న తెలుగువారు జంటగా వచ్చి, చెరొక దిక్కునుంచి గుడి చుట్టూ నడిచి, తూముకు అటూ ఇటూ నిలబడి, వంగి, తలకు తల ఢీకొట్టుకుంటారు. ఒకసారి కాదు, రెండుసార్లు. ఇతర దేశాల యాత్రికులు ఫొటోలు తీసుకుంటారు గాని, కారణం వారికి తెలియదు. అందుకే ఈ కథ.

పూర్వం ఇక్కడ, పూర్వం అనగానే కృతయుగందాకా పరుగెత్తనక్కరలేదు, విమానాలూ సెల్‌ఫోన్లూ ఉన్న పూర్వమే, పాలకొల్లు నుంచి భ్రమరాంబగారు అనే మహాసాధ్వి యాత్రకు వచ్చింది. ఆవిడ నిష్ఠ సామాన్యమైనది కాదు. ఆవిడ ఉండే ఉపవాసాలను లెక్కించబోయిన సిద్ధాంతిగారు ఆకలికి తాళలేక మధ్యలో లేచి భోజనానికి పోయాడు. అదే బస్సులో, అదే వరుసలో, కిటికీ పక్క సీటులో, ఆవిడ వియ్యపురాలు వకుళాదేవిగారు కూర్చుంది. ఈవిడది అమలాపురం. ఈవిడ గొంతు సవరించుకుంటే గోదావరి మీద పడవలు లాంచీ వస్తోందనుకొని పక్కకు తప్పుకునేవి.

భ్రమరాంబగారి కూతురు సౌదామినిని వకుళాదేవిగారి కొడుకు ఫణికుమార్‌కు ఇచ్చారు. పెళ్లి దివ్యంగా జరిగింది. విందులో మాత్రం వకుళాదేవిగారు ఒక బూరెను విరిచి, వెలుతురుకేసి పట్టుకొని చూసి, "బూరె బాగా పొంగింది వదినగారూ! లోపల పూర్ణం పెట్టడమే మరిచిపోయినట్టున్నారు" అన్నది. భ్రమరాంబగారు ఊరుకుంటుందా? "పూర్ణం తెలియాలంటే నమిలేటప్పుడు నోరు మూసుకోవాలి వదినగారూ" అన్నది. సన్నాయివాడు ఊదిన స్వరం సన్నాయిలోనే ఉండిపోయింది. ఆ క్షణంనుంచి ఇద్దరికీ మాటలు లేవు.

తరువాత మనవరాలు పుట్టింది. నానమ్మ తన అత్తగారి పేరు అలమేలుమంగ పెట్టాలని పట్టుబట్టింది. అమ్మమ్మ తన తల్లి పేరు గౌరీపార్వతి పెట్టాలని భీష్మించింది. పిల్లకు పళ్లు వచ్చాయి, నడక వచ్చింది, పేరు మాత్రం రాలేదు. చివరకు సౌదామిని ఇద్దరికీ కలిపి ఈ యాత్రకు టిక్కెట్లు కొని, ఒకే గది ఏర్పాటు చేసి, విమానాశ్రయంలో చెప్పేసింది.

"అమ్మా! అత్తయ్యా! ఇద్దరూ ఒక్క పేరుతో తిరిగి రండి. రాకపోతే పేరు మేమే పెట్టేస్తాం. ఆయన ఆఫీసులో ఎవరో చెప్పారట, జియానా అని. బాగానే ఉంది."

జియానా! ఆ మాటకు భ్రమరాంబగారి కాళ్లకింద విమానాశ్రయం కదిలింది. దేవుడి పేరా, మనిషి పేరా, తలనూనె పేరా? ఎలాగైనా ఈ ఆపద తప్పించాలని అప్పుడే సంకల్పం చెప్పుకుంది. అయితే ముందుగా తాను నోరు విప్పడం మాత్రం సంకల్పంలో చేర్చుకోలేదు.

యాత్ర నడిపించినవాడు సొఖా అనే ఖ్మేరు గైడు. ఏళ్ల తరబడి మనవాళ్లను తిప్పి తిప్పి తెలుగు పట్టేశాడు. వియ్యపురాళ్ల మధ్య రాయబారం ఆ మహానుభావుడి నెత్తినే పడింది.

"సొఖా బాబూ! కిటికీ తెర వెయ్యమని ఆవిడకు చెప్పు" అనేది భ్రమరాంబగారు, పక్క సీటులోంచి.

"అమ్మా! తెర వెయ్యమని అమ్మ చెబుతోంది" అనేవాడు సొఖా.

"ఎండ ఒంటికి మంచిదని చెప్పు నాయనా!" అనేది వకుళాదేవిగారు.

గదిలో సొఖా ఉండడు గనుక అక్కడ టీవీకి చెప్పుకునేవారు.

ఇలా గుడి తరువాత గుడి చూశారు. రాతి ముఖాల గోపురాలు చూశారు, గోడల పొడవునా చెక్కిన క్షీరసాగర మథనం చూశారు. దేవతలూ రాక్షసులూ చెరోవైపునుంచి వాసుకిని లాగుతున్న ఆ శిల్పం ముందు వీరిద్దరూ నిలబడితే, రాక్షసులు పట్టు సడలించారని చెబుతారు. ఎవరు చెబుతారంటే, వీరి పట్టు చూసినవారు చెబుతారు. చివరి రోజున ప్రాసాత్ రొలుంకు వచ్చారు. సాయంత్రానికి తిరుగు విమానం. పేరు ఇంకా కుదరలేదు.

భ్రమరాంబగారు తూర్పు వాకిట చెప్పులు విడిచి, కొంగు నడుముకు చుట్టి, దక్షిణంగా ప్రదక్షిణం మొదలుపెట్టింది. వియ్యపురాలి వెనుక నడవడం వకుళాదేవిగారి వంశంలోనే లేదు. ఆవిడ ఉత్తరంగా తిరిగింది. ఒకావిడ గుడి చుట్టూ వచ్చి తూముకు పడమట ఆగింది. రెండో ఆవిడ నేరుగా వచ్చి తూర్పున ఆగింది. నడుమ సోమసూత్రం. ఎదురూ బదురూ ఇద్దరు తల్లులు.

దాటితే మహాపాపం. వెనక్కి మళ్లడమే శాస్త్రం. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. కాని ఎవరు ముందు మళ్లితే వారు వెన్ను చూపినట్టు! భ్రమరాంబగారు మనసులో 'ఆవిడ మళ్లనీ' అనుకొని నిలబడింది. అవతల ముఖంలో కూడా సరిగ్గా అదే మాట రాసి ఉంది.

మిట్టమధ్యాహ్నపు ఎండ. బస్సు డ్రైవరు హారన్ కొట్టాడు. సొఖా గొడుగు ఊపుకుంటూ పరుగున వచ్చాడు.

"రండి అమ్మా! దాటి రండి. ఇక్కడ నీళ్లు లేవు."

"నీళ్లు లేకపోతే సోమసూత్రం కాకుండా పోతుందా?" అన్నది భ్రమరాంబగారు.

"శివుడు కూడా లేడమ్మా! లోపల ఖాళీ."

"శివుడు లేని చోటేదో చూపించమని ఆవిడను... అదే, నిన్నే, నిన్నే అడుగుతున్నా!" అన్నది వకుళాదేవిగారు.

సొఖా నోరు వెళ్లబెట్టాడు. యాత్రలో మొదటిసారి ఇద్దరూ ఒకే పక్షాన మాట్లాడారు, అదీ తనమీద. వెనుకనుంచి తోటి యాత్రికుడు తణుకు సన్యాసిరాజుగారు, ఆకలికి ఆగలేని మనిషి, కేక వేశాడు.

"అమ్మగార్లూ! బస్సులో పులిహోర వేడెక్కిపోతోంది! అటో ఇటో తేల్చండి!"

తేలలేదు. ఆ చూపులు అలా కలుసుకొని నిలిచాయి. గోడమీది అప్సరస ఒకతె ఆ వేడికి తాళలేక మెడ పక్కకు తిప్పుకుంది. నేటికీ ఆమె అలాగే ఉంది, వెళ్లినవారు చూసుకోవచ్చు. ఈ సమయంలో పరమేశ్వరుడు కలలో కనిపించి ఆదేశమిచ్చాడని కొందరు చెబుతారు. అది నమ్మవద్దు. ఆ ఎండలో కునుకెక్కడిది?

ఊరికే నిలబడడం భ్రమరాంబగారికి చేతకాదు. తూములో ఏళ్లనాటి ఆకులు కుళ్లి కూరుకుపోయి ఉన్నాయి. శివుడి తూము ఇలా ఉంటే చూస్తూ ఊరుకోవడమా అని వంగి ఒక గుప్పెడు తీసి పారేసింది. వకుళాదేవిగారు రెండు గుప్పెళ్లు తీసింది. భ్రమరాంబగారు చెయ్యి మోచేతిదాకా దూర్చింది. వకుళాదేవిగారు భుజందాకా దూర్చింది. ఆ పోటీలో బయటపడ్డ మట్టితో అక్కడొక దిబ్బ ఏర్పడింది. ఆ దిబ్బ ఎక్కితే థాయిలాండ్ కనపడేదని ప్రత్యక్షసాక్షుల కథనం.

తూము శుభ్రమైందో లేదో, ఆకాశం నల్లబడింది. ఆ దేశపు వాన మన వానలా చెప్పి రాదు. కుండ కాదు, చెరువే బోర్లించినట్టు కురిసింది. సొఖా, సన్యాసిరాజుగారు, మిగతా యాత్రికులు బస్సులోకి పరుగెత్తారు. వియ్యపురాళ్లు కదలలేదు. పైకప్పు లేని గర్భగుడిలో పడిన వాన పానవట్టం మీదుగా జారి, గోడ దూరి, ఎన్ని తరాలుగానో ఎండిపోయి ఉన్న తూములోంచి గలగలమని దూకింది.

తీర్థం!

ఇద్దరికీ ఒకే క్షణంలో చేతులు దొప్పలయ్యాయి. ఇద్దరూ ఒకే క్షణంలో వంగారు. ఠప్పుమని తలకు తల తగిలింది. ఆ చప్పుడుకు చెట్లమీది పిట్టలన్నీ ఒక్కసారిగా లేచి, వానలో తడవడం ఇష్టంలేక మళ్లీ కూర్చున్నాయి.

భ్రమరాంబగారు నుదురు పట్టుకొని లేచింది. కళ్లముందు చుక్కలు. ఆ చుక్కల నడుమ ఒక్కసారిగా పెద్ద భయం పట్టుకుంది. తల ఒక్కసారే తగిలింది! ఒక్కసారే తగిలితే కొమ్ములు మొలుస్తాయి! పాలకొల్లులో పసిపిల్లలకు కూడా తెలిసిన సంగతి ఇది. రెండోసారి కొట్టుకుంటే గాని దోషం పోదు. రెండోసారి కొట్టుకోవాలంటే అడగాలి. అడగాలంటే నోరు విప్పాలి. ఎదురుగా వకుళాదేవిగారు కూడా నెత్తి తడిమి చూసుకుంటోంది. మొలకేమైనా తగులుతోందా అన్నట్టు.

పంతం పెద్దదా, కొమ్ములు పెద్దవా? భ్రమరాంబగారు ఆ వానలో క్షణకాలం ఆలోచించింది. కొమ్ములతో ఊళ్లోకి వెళ్లిన తన ముఖం కళ్లముందు మెదిలింది.

"వదినగారూ!" అన్నది.

"కొమ్ములే కదూ వదినగారూ? నేనూ అదే అనుకుంటున్నా. కానివ్వండి మరి!" అన్నది వకుళాదేవిగారు.

ఇద్దరూ తూముమీదుగా వంగి రెండోసారి తల ఢీకొట్టుకున్నారు. ఈసారి మెల్లగా. అంత దగ్గరగా ముఖాలు చూసుకునేసరికి వకుళాదేవిగారికి నవ్వు ఆగలేదు. ఆవిడ నవ్వుకు ప్రహరీలో ఒక రాయి కదిలింది. అదీ చూసుకోవచ్చు.

"అది సరే గాని వదినగారూ, ఒక్క మాట. అత్తగారి పేరంటూ పట్టుబట్టారు గదా! ఆవిడ పేరు మీరు నోటితో పలకగలరా?" అన్నది భ్రమరాంబగారు.

వకుళాదేవిగారు చటుక్కున ఆగింది. కాపురానికి వచ్చిన నాటినుంచి అత్తగారి పేరు పలికి ఎరగదు. ఇంటికి ఎవరొచ్చి అడిగినా కాగితం మీద రాసి చూపించేది.

"అయ్యో! పిల్లను జన్మలో పిలవలేను! మరి మీరో? కన్నతల్లి పేరు పెట్టుకొని, అది అన్నం పారబోసినప్పుడు ఏమని కేకలేస్తారు?"

భ్రమరాంబగారు ఊహించి చూసింది. 'గౌరీపార్వతీ, వెధవా, దిగు కిందికి!' చెంపలు వేసుకుంది.

"వద్దు వదినగారూ! మీవాళ్ల పేరూ వద్దు, మావాళ్ల పేరూ వద్దు. హాయిగా తిట్టుకోవడానికి వీలుండే పేరు పెడదాం."

గొడుగుతో తిరిగి వచ్చిన సొఖాను వానకు మీ భాషలో ఏమంటారని అడిగారు.

"ఫ్లియాంగ్, అమ్మా!"

"పిల్లను పిలిచినట్టు లేదు, పళ్లెం కింద పడ్డట్టుంది" అన్నది వకుళాదేవిగారు.

భ్రమరాంబగారు తూముకేసి చూసింది. నీరు తెగకుండా పడుతోంది.

"ధార" అన్నది.

వకుళాదేవిగారు ప్రేమగా ఒకసారి పిలిచి చూసింది. కోపంగా ఒకసారి పిలిచి చూసింది. రెండింటికీ పేరు నిలిచింది. విమానాశ్రయానికి పోయే బస్సులోంచే సౌదామినికి ఫోను చేశారు గాని, ఇద్దరూ ఒకేసారి మాట్లాడడంవల్ల ఆ అమ్మాయికి ఏమీ అర్థంకాక, సొఖా చేత చెప్పించవలసి వచ్చింది. చెప్పి ఫోను పెట్టేశాడో లేదో, వెనుక సీట్లో బూరెల వివాదం తిరిగి మొదలైంది. ఈసారి రాయబారి అక్కర్లేకపోయింది. సొఖా తలకు తువ్వాలు చుట్టుకొని హాయిగా నిద్రపోయాడు.

నాటినుంచి తోడికోడళ్లు, దాయాదులు, పొత్తు చెడిన వ్యాపారులు, ఎడమొగం పెడమొగమైన దంపతులు ఈ ఆలయానికి వచ్చి, చెరోవైపు నడిచి, సోమసూత్రం దగ్గర రెండుసార్లు తల తాకించుకుంటున్నారు. వానాకాలంలో వస్తే తీర్థం లభిస్తుంది. ఎండాకాలంలో వచ్చేవారు తూములోని ఆకులు తీయాలి. ఇలా చేసినవారికి మాటలు కలుస్తాయని, ఆగిన శుభకార్యాలు సాగుతాయని, పిల్లలకు పిలవడానికి వీలైన పేర్లు దొరుకుతాయని యాత్రికుల అనుభవం. కోపాలు పోతాయని మాత్రం ఈ క్షేత్రం హామీ ఇవ్వదు. ముఖాముఖీ పోట్లాడుకునే భాగ్యం కలుగుతుంది.

మొదటి ఢీ తరువాత అలిగి వెళ్లిపోయినవారు కూడా లేకపోలేదు. వారేమయ్యారని అక్కడి గైడ్లను అడిగి చూడండి. ఏమీ చెప్పరు. ఒకరి ముఖం ఒకరు చూసుకొని, పెద్ద సైజు టోపీలు ఎక్కడ దొరుకుతాయో చూపిస్తారు.