మడుగు చేరిన గేదెతల్లి

ఏటికి ఇవతల మడుగులో గేదెలు, అవతల గుట్ట మీద తోడేళ్లు. ఒకప్పుడు ఆ తోడేళ్లే రెండు గట్లనూ ఏలి దొరలనిపించుకున్నాయి. ఏలుబడి వదిలి పోతూ పోతూ మడుగులోని గేదెతల్లిని కూడా పట్టుకుపోయాయి.

గేదెతల్లి అంటే వడ్రంగి పిట్టలు చేవ కర్రలో తొలిచిన బొమ్మ. ఏడాది పొడుగునా బురదలోనే ఉండేది. పుట్టిన మూడో రోజు దూడను మడుగులో దింపి, ఆ తల్లి నుదుటికి నుదురు ఆనిస్తేనే మందలో కలిసినట్టు. అలా ఆనించినవాళ్లలో ఇప్పుడు మిగిలింది ముసలి బొల్లెమ్మ ఒక్కతే. తను పోయేలోగా ఒక్క దూడకైనా ఆ భాగ్యం దక్కాలని దాని ఆరాటం.

అడగడానికి గిట్టలరిగేలా తిరిగింది. తోడేళ్ల గుహకు కాపలా ఒక నక్క. బొమ్మ మీదేనని సాక్ష్యం తెమ్మంది. వడ్రంగి పిట్టల్ని తీసుకెళితే, మీ మందదో పై మడుగు మందదో తేల్చుకురమ్మంది. ఆ మందనూ వెంటబెట్టుకెళితే, దొరలు నిద్రలో ఉన్నారు, వానలు వెళ్లాక రమ్మంది. ఎన్ని వానలు వెళ్లాయో బొల్లెమ్మకే గుర్తులేదు.

చివరికి తగవు ఏనుగు ముందుకు వచ్చింది.

"పెద్దయ్యా, ఎవరు భద్రంగా చూసుకుంటే వాళ్ల దగ్గరే ఉండనీ," అంది నక్క. "ఈ అవ్వ బురదలో పడేస్తుంది. మేం పొడి రాతి మీద కూర్చోబెట్టాం. ఒక్క పగులు చూపించమనండి, నేనే వీపున మోసుకెళ్లి ఇస్తాను."

ఏనుగు సరేనంది. బొల్లెమ్మ కోరింది ఒక్కటే: తీర్పు మిట్టమధ్యాహ్నం, నీడలేని ఇసుక మీద, బొమ్మను ఎదురుగా పెట్టుకుని జరగాలి. నక్కకు నవ్వొచ్చింది. గేదె ఎండలో ఎంతసేపుంటుంది, తీర్పు కాకముందే నీళ్లలో దూకి తగవు వదులుకుంటుందిలే అనుకుని ఒప్పేసుకుంది. కిందటిసారి గుహకు వెళ్లినప్పుడు బొమ్మ మెడ దగ్గర బొల్లెమ్మకు తేనెమైనం వాసన తగిలిందని దానికి తెలీదు.

ఎండ నెత్తికెక్కింది. బొల్లెమ్మ చర్మం మండిపోయింది, నోట నురగ కట్టింది. మందలోవాళ్లు నీళ్లలోకి రమ్మని బతిమాలారు.

"ఇన్నేళ్లు నిలబడ్డాను, ఇంకో గడియ నిలబడలేనా," అంది బొల్లెమ్మ.

అప్పుడు బొమ్మ చెవి వెనక నుంచి మైనం కరిగి ధార కట్టింది. ఆ తర్వాత మెడ నుంచి, నుదుటి నుంచి. లోపల వేలెడంత పగుళ్లు. పైన పటారం, లోన లొటారం.

"బురదలో ఉన్నన్నాళ్లూ ఈ కర్ర చీలలేదు నాయనా," అంది బొల్లెమ్మ. "మీ భద్రమే చీల్చింది." దాని గొంతులో కోపం కూడా లేదు. కోప్పడే ఓపిక ఎప్పుడో అయిపోయింది.

ఏనుగు నక్క వీపు వైపు చూసింది. నక్క మోయలేక మోస్తూ ఏరు దాటింది. గట్టున దింపి రొప్పుతూ, "ఇంత పెద్ద మనసుతో ఇస్తున్నాం, మా దొరలకో దణ్ణమైనా పెట్టవా అవ్వా?" అని అడిగింది.

దానివైపు ఎవరూ తిరగలేదు. తల్లిని బురదలో దింపారు. మొన్న పుట్టిన దూడ వచ్చి, చీలిన నుదుటికి నుదురు ఆనించింది. బొల్లెమ్మ ఇక చాలనుకుని వెనక్కి తిరిగేసరికి, దూడ వెనకాల మందంతా బారు తీరి ఉంది. కొమ్ములు తిరిగినవి, పళ్లూడినవి, పుట్టిన మూడో రోజున ఆ తల్లిని చూడని గేదెలన్నీ తలలు వంచుకుని తమ వంతు కోసం నిలబడ్డాయి.

నీతి: కాజేసింది తిరిగిచ్చినంత మాత్రాన దొంగ దాత కాడు.