బొట్టు పెట్టిన రాయి

తొమ్మిది రోజులు సముద్రంలో నానినా సింహాద్రికి ఆక్టోపస్ కనపడలేదు. తొమ్మిదో రోజు సాయంత్రం తడి బట్టలైనా మార్చుకోకుండా వచ్చి ఇందుమతి గారి ముందు చతికిలబడ్డాడు.

"అక్కడేమీ లేదు మేడమ్. ఉన్నవల్లా రాళ్ళే. చెన్నైలో ఒకాయన దగ్గర గాజుతొట్టిలో ఒకటుందట. దాన్ని షూట్ చేసి మన సినిమాలో కలిపేద్దాం. ఎవడికి తెలుస్తుంది?"

ఇందుమతి గారంటే ఆషామాషీ మనిషి కాదు. ఆ తీరంలో నీళ్ళడుగున సినిమా తీసిన మొదటి మనిషి ఆవిడే. కుక్కర్ రబ్బరు బిగించిన ఇనప్పెట్టెలో కెమెరా పెట్టుకుని దిగిన రోజుల్లో ఊరంతా నవ్వింది. ముప్పై ఏళ్ళలో ఒక్క దొంగ షాటు తీసిన పాపాన పోలేదు. ఇప్పుడు చెవులు పాడై, నీళ్ళలోకి దిగితే ఊరుకోనన్నాడు డాక్టరు. ఈ ఆఖరి సినిమాకి సింహాద్రి కళ్ళే ఆవిడ కళ్ళు. మనవాడేమో ఈ మాట మోసుకొచ్చాడు.

తిడుతుందనుకున్నాడు. ఆవిడ తిట్టలేదు.

"మొదటి రోజుది పెట్టు," అంది.

టీవీలో ఇసుక, ఓ బొరియ, చుట్టూ కొబ్బరికాయలంత రాళ్ళు. ఆవిడ నుదుటి మీది స్టిక్కర్ బొట్టు ఒలిచి, దూరంగా మూలనున్న రాయి మీద పడేలా టీవీకి అంటించింది.

"ఇప్పుడు రెండోది."

కెమెరా స్టాండు తొమ్మిది రోజులూ ఒకే చోట పాతి ఉంది. బొరియ అక్కడే ఉంది. మిగతా రాళ్ళూ అక్కడే ఉన్నాయి. బొట్టు కింద మాత్రం ఉత్త ఇసుక. ఆ రాయి జానెడు ఇవతలికి వచ్చింది.

సింహాద్రి తనే మూడోది పెట్టాడు.

మూడో రోజుకి ఇంకో జానెడు. అయిదో రోజుకి బొరియ దాటింది. ఏ రోజుకారోజు చూస్తే మాత్రం కదిలినట్టే ఉండదు. ఎనిమిదో రోజున తెర అడుగున, కెమెరాకి ఆనుకుని కూర్చుంది.

తొమ్మిదో రోజుది పెట్టాడు. రాయి లేదు.

"ఎటుపోయింది మేడమ్?"

"నన్నడుగుతావేం? అక్కడున్నది నువ్వు. ఇవాళ ఎక్కడ కూర్చున్నావ్?"

"కెమెరా వెనకాల."

"దేనికి ఆనుకుని?"

సింహాద్రికి అప్పుడు గుర్తొచ్చింది. పైకి వచ్చేముందు పక్కనున్న రాయి మీద చెయ్యి ఆనించి లేచాడు. మెత్తగా తగిలింది. ఏదో పట్టుకున్నట్టయితే, నాచు కాబోలని విదిలించుకున్నాడు.

మెల్లిగా అరచెయ్యి తిప్పి చూసుకున్నాడు. మణికట్టు దాకా శనగబద్దలంత ఎర్రటి గుండ్రాలు, పీల్చి వదిలినట్టు వరసగా ఉన్నాయి.

ఇందుమతి గారు టీవీ మీది బొట్టు తీసి మళ్ళీ నుదుట పెట్టుకుంది.

"తొట్టి సంగతి తర్వాత చూద్దాంలే నాయనా. ముందిది చెప్పు. ఈ తొమ్మిది రోజులూ ఎవరు ఎవర్ని తీశారంటావ్?"