వెలగలమెట్ట భారతమ్మ: పేరు పిలుపు కథ

వెలగలమెట్ట ఊరికి తూర్పున, రైలు గేటు దాటగానే కనిపించే చిన్న దిబ్బ మీద భారతమ్మ తల్లి కొలువై ఉంది. ఎక్కడానికి పదిహేడు మెట్లు. గుడికి గోడలు మూడే, నాలుగో వైపు ఖాళీ. తలుపు లేదు కనుక తాళం లేదు, తాళం లేదు కనుక దర్శన వేళలు అడగవలసిన పని లేదు. విగ్రహం మూడడుగుల నల్లరాయి. తల్లి పద్మాసనం వేసుకుని కూర్చుని, కుడిచేత కదురు పట్టుకుని ఉంటుంది. ముఖం గుండ్రంగా, నున్నగా, పాతకాలపు క్యాలెండరు బొమ్మల్లోని ముఖంలా ఉంటుంది. ఆ పోలికకు తగిన కారణం ఉన్నది.

ఇక్కడ పూజ చేసేది రాములమ్మ అనే ఎనభై దాటిన స్త్రీ. బస్సుల్లో వచ్చే భక్తులు మెట్లెక్కి, ఊడుస్తున్న ఆమెనే "పూజారి గారు ఎక్కడమ్మా?" అని అడుగుతుంటారు. ఆమె చీపురు పక్కన పెట్టి, చేతులు కడుక్కుని, "నానే, రండి" అంటుంది. ప్రతి ఏటా చైత్ర బహుళ పంచమినాడు జరిగే ఉత్సవానికి చుట్టుపక్కల నలభై ఊళ్ళ నుంచి జనం వస్తారు.

పూర్వం ఇక్కడ ఈ దిబ్బ పక్కన ఒక పెంకుటిల్లు ఉండేది. పూర్వం అన్నామని భక్తులు త్రేతాయుగం దాకా వెళ్ళనక్కరలేదు. తెల్లదొరల పాలన చివరి రోజుల మాట ఇది. ఆ పెంకుటింట్లో దేశసేవికా సమాజం పేరిట మంగళవారం మంగళవారం మధ్యాహ్నం, వంటలూ వడ్డనలూ ముగిశాక, ఎనిమిదిమంది స్త్రీలు చేరి రాట్నాలు వడికేవారు. ప్లీడరు గారి భార్య కామేశ్వరమ్మ అధ్యక్షురాలు. బడిపంతులు గారి భార్య సుభద్రమ్మ కార్యదర్శి. తక్కిన ఆరుగురూ కరణాల, గుమాస్తాల ఇళ్ళవారు. ఇల్లు ఊడ్చి, కుండలో నీళ్ళు పోసి వెళ్ళడానికి గవరమ్మ అనే ఆమె వచ్చేది. అలా వచ్చి గుమ్మం దగ్గర నిలబడి చూసి చూసి తానూ వడకడం నేర్చుకుంది. ఎనిమిదిమంది నూలు కన్నా ఆమె నూలే సన్నగా వచ్చేదట. ఈ సంగతి సమాజం మినిట్సు పుస్తకంలో లేదు. సుభద్రమ్మ తన ముసలితనంలో చెప్పగా తెలిసింది.

1932లో సమాజం వారు జిల్లా పట్టణంలోని సీమగుడ్డల దుకాణం ముందు పికెటింగు చేయాలని నిశ్చయించారు. తమ ఊళ్ళో ఎందుకు చేయలేదంటే, తమ ఊళ్ళో చేస్తే అందరూ గుర్తుపడతారు. ప్లీడరు గారి సనదు పోతుంది, పంతులు గారి ఉద్యోగం పోతుంది. అందుకని ఇళ్ళల్లో కాశీయాత్ర అని చెప్పి రైలెక్కారు. వారి ఇళ్ళవారు నమ్మారో, నమ్మినట్టు ఉన్నారో చెప్పలేము. మూటలు మోయడానికి తోడు వచ్చిన గవరమ్మ, తీరా దుకాణం దగ్గర మూటలు దించి, మిగతావారి పక్కన గడప మీద తానూ అడ్డంగా పడుకుంది. అందరితోపాటు ఆమెనూ వ్యానెక్కించారు.

మేజిస్ట్రేటు ఎదుట నిలబెట్టినప్పుడు తొమ్మండుగురూ ముందే అనుకున్నట్టు ఒకే పేరు చెప్పారు.

"పేరు?"

"భారతమ్మ."

"భర్త పేరు?"

"పెనిమిటి పేరు నోట పలకడం మా ఇళ్ళల్లో లేదండీ" అని కామేశ్వరమ్మ తలవంచుకుని జవాబిచ్చింది. రాసుకుంటున్న గుమాస్తా, అది అక్షరాలా నిజమన్నట్టు మేజిస్ట్రేటు వైపు చూసి తల ఊపాడు. ఆయన భార్య కూడా ఏనాడూ ఆయన పేరు పలికి ఉండదు. అలా ఆ రిజిస్టరులో భారతమ్మ, భర్త పేరు తెలియదు అన్న పంక్తి తొమ్మిదిసార్లు పడింది. తలా ఆరు నెలల శిక్ష. జైలు గేటు దగ్గర కామేశ్వరమ్మ అందరిచేతా ఒట్టు వేయించింది. లోపల గానీ బయటికి వచ్చాక గానీ ఎవరూ ఎవరి పేరూ ఎత్తకూడదు. గవరమ్మ భర్తకు పోవడానికి ఉద్యోగమూ లేదు, సనదూ లేదు. ఆమె దాచుకోవలసినదేమీ లేకపోయినా అందరితోపాటు చెయ్యి వేసింది.

రెండో నెలలో జైలులో విషజ్వరం వచ్చింది. చైత్ర బహుళ పంచమి నాటి మధ్యాహ్నం గవరమ్మ పోయింది. రిజిస్టరులో 'భారతమ్మ మృతి' అని రాశారు. శవాన్ని జైలు వారే దహనం చేశారు. ఇంటి దగ్గర ఆమెకు తొమ్మిదేళ్ళ కూతురు, పోలమ్మ. కామేశ్వరమ్మ విడుదలయ్యాక వెళ్ళి ఆ పిల్ల తండ్రికి చెప్పవలసింది చెప్పి వచ్చింది. ఏం చెప్పిందో అప్పటికి ఎవరికీ తెలియదు.

స్వాతంత్ర్యం వచ్చిన మరుసటి ఏడు సమాజం వారు ఈ దిబ్బ మీద భారతమ్మ శిల నిలబెట్టారు. ముఖం ఎలా ఉండాలని శిల్పి అడిగితే కామేశ్వరమ్మ గోడ మీది క్యాలెండరు తీసి ఇచ్చింది. గవరమ్మ ముఖం నిండా స్ఫోటకం మచ్చలుండేవి. అవి శిల మీదికి రాలేదు. కామేశ్వరమ్మ పన్నెండు పేజీల 'భారతమ్మ చరిత్ర' కూడా రాసి అచ్చు వేయించింది. రాయగలిగినవారు రాస్తే చదవగలిగినవారు నమ్ముతారు. జైలు రిజిస్టరులో పేరు తొమ్మిదిసార్లు ఉన్నది గనుక భారతమ్మ తొమ్మిదిసార్లు జైలుకు వెళ్ళిన మహాతల్లి అయింది. ఊరు లేదు, కులం లేదు. బాల్యంలోనే వైధవ్యం వచ్చింది, పిల్లలు లేరు. దేశమే ఆమెకు సంతానం. పిల్లలకు బడిలో ఈ చరిత్రే పాఠమైంది.

ప్రతి స్థల పురాణంలోనూ ఒక పశువుల కాపరి ఉండాలి కనుక ఇందులోనూ ఉన్నాడు. అప్పలసూరి అనే అతని చూడిగేదె తప్పిపోయి, మూడోనాడు ఈ శిల నీడలో దూడతో సహా కనిపించింది. అతను తెచ్చి అద్దిన కుంకుమతో రాయి కాస్తా అమ్మవారైంది. కొబ్బరికాయలు వచ్చాయి, ముడుపులు వచ్చాయి. సమాజం వారు మొదట వద్దన్నారు, తర్వాత ఊరుకున్నారు, ఆ తర్వాత పళ్ళెం పట్టారు.

తల్లి పోయాక ఆ ఊడ్చే పని కూతురు పోలమ్మకు వచ్చింది. ఎవరి తల్లి కోసం నిలబెట్టిన రాయో ఎరిగీ ఎరగనట్టే దాని చుట్టూ రోజూ ఊడ్చేది. 1953 ఉత్సవంలో 'భారతమ్మ చరిత్ర' చదవడానికి బడిలో బాగా చదివే పిల్లను ఎంచారు. ఆ పిల్ల పోలమ్మ కూతురు రాములు, మూడో తరగతి. ఇప్పటి పూజారి రాములమ్మ ఆమే. ఎనిమిదేళ్ళ రాములు బల్ల మీద నిలబడి, "ఆ తల్లికి సంతానం లేదు" అని స్పష్టంగా చదివింది.

"ఆపీయే గుంటా" అని జనం వెనక నుంచి పోలమ్మ లేచి నిలబడింది. "ఆయమ్మకి పిల్లల్లేరేటి? మరి నానెవుర్ని?"

పోలమ్మ అంతకుముందు జనంలో గొంతెత్తి మాట్లాడి ఎరుగదు. కామేశ్వరమ్మ పుస్తకం మూసి, ఉత్సవం అయిందని చెప్పి అందరినీ పంపేసింది.

మంగళవారం సమాజం సమావేశమైంది. పోలమ్మను గుమ్మం దగ్గర కూర్చోబెట్టారు. సుభద్రమ్మ లేచి, శిల కింద గవరమ్మ పేరు చెక్కించాలన్నది. కామేశ్వరమ్మ ఒప్పుకోలేదు.

"పేరు చెబితే ఊరడుగుతారు. ఊరు చెబితే కులం అడుగుతారు. ఆ తరవాత ఆ మెట్లు అందరూ ఎక్కరు సుభద్రా. భారతమ్మ అంటే ఎవరూ ఏమీ అడగడం లేదు కదా" అన్నది.

ఇందులో నిజం లేకపోలేదు. గవరమ్మ వాళ్ళను ఆ రోజుల్లో ఊళ్ళో మరే గుడిలోకీ రానిచ్చేవారు కాదు. పేరు లేని తల్లికి మాత్రం అందరూ మొక్కుతున్నారు. అందరూ గుమ్మం వైపు చూశారు.

"దేవతని మీరే ఉంచుకోండమ్మా" అన్నది పోలమ్మ. "మా యమ్మని నాకిచ్చీండి. రాతిమీద రాయొద్దు, రాస్తే నాను సదవలేను. నలుగురిలో నోరిప్పి పేరెట్టి పిలండి. అదీ, ఈ పెద్దమ్మగారే పిలాల."

కామేశ్వరమ్మ లేచి ఇంటికి వెళ్ళిపోయింది. ఏడాది పొడుగునా సమాజానికి రాలేదు. మరుసటి చైత్రంలో సుభద్రమ్మ వెళ్ళి, తనకు కల వచ్చిందని చెప్పింది. కలలో భారతమ్మ ముఖం చాటు చేసుకుని కూర్చుని, 'తొమ్మండుగురం వెళ్ళాం, ఎనిమిదిమంది ఇళ్ళకు చేరారు, నా ఇంటికి దారి చెప్పేవారు లేరా?' అని అడిగిందట. సుభద్రమ్మ ఆ వారమంతా పంటి పోటుతో కన్ను మూయలేదని ఆమె కోడలే చెప్పింది. నిద్ర లేనిదే కల ఎలా వచ్చిందో మనం విచారించరాదు. కామేశ్వరమ్మ కూడా విచారించలేదు. "వస్తాను" అన్నది.

పంచమినాడు ఆమె ఈ పదిహేడు మెట్లూ ఒకరి చెయ్యి పట్టుకుని ఎక్కింది. శిల ముందు నిలబడి జనం వైపు తిరిగింది. అప్పుడు చెప్పిన మాటలు అక్కడున్నవారు చాలామంది జ్ఞాపకం పెట్టుకున్నారు.

"పోయే రోజున అది నా చెయ్యి పట్టుకుంది. 'అమ్మగారూ, ఒక్కపాలి నా పేరెట్టి పిలండి, నా పేరు నానే మర్సిపోతన్నాను' అంది. వార్డరు గుమ్మంలో ఉంది. పేరు బయటపడితే అందరి పేర్లూ లాగుతారని నాకు భయం. 'పడుకో భారతమ్మా' అన్నాను. మళ్ళీ అడిగింది. మళ్ళీ అదే అన్నాను. మూడోసారి అడగలేదు. ఆ వార్డరుకి తెలుగు రాదుట. ఆ సంగతి నాకు తరవాత తెలిసింది. దాని మొగుడితో మాత్రం, చివరిదాకా పేరు పెట్టి పిలుస్తూనే ఉన్నామని చెప్పి వచ్చాను."

అని, శిల వైపు తిరిగి, "గవరమ్మా" అని పిలిచింది. మొదటిసారి ముందున్నవారికే వినిపించింది. రెండోసారి దిబ్బ కింద ఉన్నవారికి కూడా వినిపించింది. పోలమ్మ చీపురు పట్టుకునే, "ఉన్నాది" అన్నది.

మరుసటి ఏడు కామేశ్వరమ్మ మళ్ళీ వచ్చి గవరమ్మా అని పిలవబోతే పోలమ్మ ఆపింది. "మా యమ్మని పిలిసినారు, అయిపోనాది. మీ ఇంటిలో ఎవురూ పోలేదేటి? ఆలనీ పిలండి" అన్నది. కామేశ్వరమ్మ ఆ ఏడు తన అత్తగారి పేరు పిలిచింది. ఆ పేరు కనుక్కోవడానికి ఆమె రెండు ఊళ్ళు తిరగవలసి వచ్చిందట. 'భారతమ్మ చరిత్ర'ను మళ్ళీ అచ్చు వేయలేదు. ఉన్న ప్రతులు సమాజం బీరువాలోనే ఉన్నాయి. చూడగోరినవారికి చూపిస్తారు.

ఆనాటి నుంచి నేటి వరకు ఇక్కడి ఆచారం ఇదే. కుంకుమబొట్టు పెట్టించుకునే ముందు ప్రతి భక్తుడూ తన ఇంట గతించిన ఒక స్త్రీని పేరు పెట్టి గట్టిగా పిలవాలి. అమ్మ, నాయనమ్మ, పెద్దమ్మ అన్న వరసలు చెల్లవు. ఫలానావారి భార్య అన్నది అసలే చెల్లదు. పిలవగానే మెట్ల మీద ఉన్నవారందరూ, ఎరిగినా ఎరగకపోయినా, "ఉన్నాది" అని పలుకుతారు. ఒక ఏడు పిలిచిన పేరు మళ్ళీ పనికిరాదు. మొదటి ఏడు అందరూ సులువుగానే గట్టెక్కుతారు. మూడో ఏటికీ నాలుగో ఏటికీ పేర్లు అయిపోతాయి. అప్పుడు మెట్ల మీద నిలబడి పల్లెలో ఉన్న మేనత్తలకు ఫోన్లు చేస్తుంటారు. పేరు దొరకనివారిని రాములమ్మ కోప్పడదు. "కనుక్కుని రండి బాబూ, అమ్మ ఎక్కడికీ ఎల్లిపోదు" అంటుంది.

భారతమ్మను సేవించినవారికి సంతానం కలుగుతుందనీ, కోర్టు వ్యవహారాలు తీరుతాయనీ పలువురు భక్తులు చెప్పగా విన్నాము. పేరు పిలుపు విన్నవారికి మనసు తేలికవుతుందన్నది మాత్రం స్వయంగా చూసి రాస్తున్నాము.

చివరగా ఒక విన్నపం. ఈ పుస్తకం కూర్చిన నేను మొదటి ఏడు మా అమ్మను, తర్వాత మా అమ్మమ్మను, ఆపైన మా అత్తగారిని పిలిచి బొట్టు పెట్టించుకున్నాను. నాలుగో ఏడు మా నాయనమ్మ వంతు వచ్చింది. మా వంశంలో ఏడు తరాల మగవారి పేర్లు గడగడ చెప్పగలను. ఆమె పేరు తెలియదు. పెళ్ళిలో అత్తవారు పేరు మార్చారని, మార్చిన పేరు కూడా ఎవరూ పిలవలేదని, అందరూ చిన్నమ్మి అనేవారని మా మేనత్త చెప్పింది. అది పేరు కాదని రాములమ్మ అన్నది, నాకూ తెలుసు. మూడేళ్ళుగా బొట్టు లేకుండానే మెట్లు దిగుతున్నాను. ఆమె పుట్టిల్లు వంశధార ఒడ్డున పెసరపాడు. తండ్రి బడిలో పిల్లలకు చదువు చెప్పేవాడు. నా తండ్రిని కన్న పదకొండో రోజున పోయింది. చదువరులలో ఎవరికైనా, మీ ఇంటి పెద్దలలో ఎవరికైనా ఆమె పేరు తెలిసి ఉంటే, దయచేసి ఆలయానికి ఒక కార్డు ముక్క రాయవలసిందిగా ప్రార్థిస్తున్నాను.