పోలమ్మ గారి ఆవపెరుగు

పోలమ్మ గారికి ఒక అలవాటుండేది. ఎవరైనా ప్రశ్న అడిగితే జవాబు చెప్పేవారు కారు, అడిగినవాళ్ళ చేతికి ఏదో ఒక పని అప్పగించేవారు. సంసారం వదిలెయ్యనా అని అడిగిన ఒక పెద్దమనిషి చేత గేదెను కడిగించారు. దేవుడున్నాడా అని అడిగిన కుర్రవాడి చేత పాక కప్పు నేయించారు. బతుకులో సగం జనపనార మిల్లులో యంత్రం ముందు నిలబడిన మనిషి ఆవిడ. కూచుని చెప్పే మాటల మీద ఆవిడకి పెద్ద గురి లేదు. ఆవిడ ఉండే చోటుని ఊరంతా ఆశ్రమం అనేవారు గానీ, పెద్ద గోపురాలేవో ఊహించుకోకండి. నాగావళి గట్టు మీద ఒక తాటాకు పాక, ముందొక పందిరి, అంతే. లక్ష్మివారం లక్ష్మివారం ఆ పందిరి కింద వచ్చినవాళ్ళందరికీ భోజనం పెట్టేవారు. రైతైనా, రిక్షావాడైనా, ఊరి పెద్దైనా నేల మీద ఒకే వరసలో కూచోవాలి. అది అక్కడి కట్టడి.

ఒక లక్ష్మివారం పొద్దున్నే చేపలమ్మే నూకాలు ఖాళీ గంప పందిరి బయట విసిరేసినట్టు దించి, కాళ్ళు కడుక్కోకుండానే లోపలికొచ్చింది.

"అమ్మగారూ, కోపాన్ని సంపుకోమంటారా, కక్కెయ్యమంటారా? ఇయ్యాల తేల్చి సెప్పండి."

"ఎవరి మీదే కోపం?"

"ఇంకెవరి మీద, సన్యాసినాయుడు బావు మీద!"

సన్యాసినాయుడు ఊరి సంతకు పెద్ద. చేపల ఆడవాళ్ళు అమ్మమ్మల కాలం నుంచీ రోడ్డు పక్కన రేకుల షెడ్డులో కూచుని అమ్ముకునేవారు. వాసన వస్తోందని బట్టల కొట్లవాళ్ళు గోల పెడితే, శుక్రవారం తెల్లారేసరికి మీరంతా వెనకాల మురుగు కాలవను ఆనుకున్న మురుగ్గోడ పక్కకి మారిపోవాలని నాయుడు హుకుం వేశాడు. ఆ మూలకి కొనేవాడన్నవాడు రాడు. షెడ్డు పోతే వాళ్ళ పొయ్యి ఆరినట్టే. నూకాలు మొదటిసారి వెళ్ళి నాయుడి మీద గొంతు చించుకుని అరిచింది. అతను నలుగురి వైపూ తిరిగి, "చూశారా, చేపల బజారంటే ఇదే," అన్నాడు. నలుగురూ పగలబడి నవ్వారు. పెద్దవాడి కోపానికి జనం లేచి నిలబడతారు, పేదవాళ్ళ కోపానికి నవ్వుతారు. ఇది ఇవాళ పుట్టిన న్యాయం కాదు. రెండోసారి వెళ్ళినప్పుడు నూకాలు ఒళ్ళు దగ్గర పెట్టుకుని, చేతులు కట్టుకుని, మెల్లగా మాట్లాడింది. నాయుడు ఎంతో మర్యాదగా టీ ఇప్పించి, పిల్లాపాపల క్షేమం అడిగి, గుమ్మం దాకా సాగనంపాడు. ఇంటికొచ్చాక గానీ తను అసలు సంగతి అడగనే లేదని ఆమెకు గుర్తు రాలేదు.

పోలమ్మ గారు అంతా విన్నారు. "నాయుడు ఇవాళ భోజనానికొస్తాడు. పంక్తికి ఆవపెరుగు కావాలి. ఆ ఆవాలు నూరు," అన్నారు.

"నాను అడిగిందేటి, మీరు సెప్పిందేటి?"

"అడిగిందీ నువ్వే, ఖాళీ చేతులతో ఉన్నదీ నువ్వే. నూరు."

ఆవపెరుగు పెద్ద వంటేమీ కాదు. ముల్లంగి కోరి, నీరు పిండేసి, మీగడ కట్టిన గట్టి పెరుగులో కలిపి, ఉప్పు వేసి, పచ్చి ఆవాలు మెత్తగా నూరిన ముద్ద పెట్టడమే. కానీ నూకాలు ఇంట ఆవాలు తాలింపు గరిట దాటి ఎరగవు. చేపల పులుసులో చిటపటలాడించడమే ఆమెకు తెలుసు. సన్నికల్లు ముందు కూలబడి, పొత్రాన్ని నాయుడి నెత్తి మీద తోస్తున్నట్టే తోసింది. ఘాటైనదానికి వేడి తోడైతే ఇంకా ఘాటెక్కుతుంది కదా అని, పొయ్యి మీద మరుగుతున్న ఎసరులోంచి నీళ్ళు ముంచి ఆ ఆవపిండి మీద పోసింది. నలిగిన ముద్దను వేలితో నాలిక మీద పెట్టుకుని మొహం వికారంగా పెట్టింది.

"సేదు! ఘాటేదండీ?"

"ఉడికి చచ్చింది. చేదొక్కటే మిగిలింది. పారబోసి మళ్ళీ నూరు."

ఈసారి కుండలో చన్నీళ్ళు చల్లి నూరింది. మొదటి దెబ్బకు జడిసిందేమో, ముద్ద అలా తయారయిందో లేదో, చేదెక్కిపోతుందన్న భయంతో గబగబా పెరుగులో కలిపేసింది. రుచి చూసి తృప్తిగా తలూపింది.

"ఎలా ఉంది?" అన్నారు పోలమ్మ గారు.

"సల్లగా, కమ్మగా ఉందండి."

"ఎవరైనా వద్దంటారా?"

"ఎవరంటారు? సంటిపిల్లలు కూడా తింటారు."

"తిన్నట్టు ఎవరికైనా గుర్తుంటుందా?"

నూకాలు గిన్నె వైపు చూసింది, పోలమ్మ గారి వైపు చూసింది. ఆ గిన్నె పిల్లలకని పక్కన పెట్టి, మళ్ళీ ఆవాలు పోసుకుంది. చన్నీళ్ళు చిలకరించి వెన్నలా నూరాక, పోలమ్మ గారు ఆ ముద్దను చిన్న ముంతలోకి తీయించి మూత పెట్టారు.

"ఇంక దాన్ని ముట్టుకోకు. పక్కన కూచో."

"ఎంతసేపండీ?"

"నీకు లేవాలనిపించేదాకా కూచో. ఆ తరవాత ఇంకాస్త కూచో."

నూకాలుకు కూచోవడం చేతనవునా! సముద్రం ఒడ్డున పుట్టిన మనిషి, పరుగే తప్ప నడక ఎరగదు. మోకాళ్ళు పట్టుకుని కూచుని, నాయుణ్ణి అనవలసిన మాటలన్నీ లోలోపల వల్లించుకుంది. వాడి కొట్టు, వాడి మీసం, వాడి తాత చేసిన దుర్మార్గం అన్నీ వరసగా వచ్చాయి. కాసేపటికి తాతను వదిలేసింది, పోయినవాణ్ణి అని ఏం లాభం? తరవాత మీసాన్ని వదిలేసింది. అలా ఒక్కొక్కటీ రాలిపోగా రాలిపోగా చివరికి ఒకే ఒక మాట మిగిలింది. అది చాలా చిన్న మాట. దాన్ని అటు తిప్పి ఇటు తిప్పి చూసుకుంటూ ఉండగానే, "మూత తియ్యి," అన్నారు పోలమ్మ గారు.

నూకాలు మూత తీసి, అలవాటు కొద్దీ వంగి వాసన చూసింది. ఎవరో ముక్కులో నిప్పుకణిక దూర్చినట్టయింది. "ఓలమ్మో!" అంటూ వెనక్కి పడి, కళ్ళమ్మట బొటబొటా నీళ్ళు కారుతుండగానే నవ్వడం మొదలుపెట్టింది. పోలమ్మ గారు కూడా చీర చెంగుతో కళ్ళొత్తుకుంటూ, "ఆఁ, ఇప్పుడు పెరుగులో కలుపు," అన్నారు.

మధ్యాహ్నం పంక్తి నిండింది. నాయుడు ఒక గీత కార్మికుడికీ ఒక రిక్షా అతనికీ మధ్య సర్దుకుని కూచున్నాడు. గరిట పట్టుకుని వస్తున్న నూకాలును చూడగానే అతనికి హుషారొచ్చింది.

"ఏటే నూకాలూ, ఇయ్యాల అరుస్తావా, టీ తాగుతావా?"

పంక్తిలో కొందరు నవ్వారు. నూకాలు నవ్వలేదు, అరవలేదు. "ఇయ్యాల వడ్డిస్తాను, బావూ," అని అతని ఆకులో నిండుగా ఆవపెరుగు వేసింది.

నాయుడు అన్నంలో కలుపుకుని పెద్ద ముద్ద నోట పెట్టుకున్నాడు. "అబ్బ, మీగడ! ఎంత సల్లగా ఉందో," అంటూ ఇంకో ముద్ద వేసుకున్నాడు. అప్పుడు ఎక్కింది. ముక్కుపుటాలు అదిరాయి, మీసం నిక్కింది, కళ్ళు రెండూ చెరువులయ్యాయి. నెత్తి మీద తనే నాలుగు చరుపులు చరుచుకుని, "ఏటిది, ఏటిది!" అన్నాడు. పక్కనున్న రిక్షా అతను నవ్వబోయి తనూ ముక్కు పట్టుకున్నాడు. వరసంతా ఒకటే దగ్గు, ఒకటే ఏడుపు, ఒకటే నవ్వు. విచిత్రం ఏమిటంటే ఒక్కడూ చెయ్యి ఆపలేదు. తుడుచుకోవడం, మళ్ళీ కలుపుకోవడం! ఊరి పెద్ద మొహానికీ రిక్షా అతని మొహానికీ ఆ పూట తేడా చెప్పడం ఎవరి తరమూ కాలేదు.

నాయుడు కండువాతో కళ్ళు తుడుచుకుంటుండగా నూకాలు అతని ఎదర కూచుని, పక్కవాళ్ళకు వినపడేంత గొంతుతో అంది:

"బావూ, రేపు మమ్మల్ని కూకోమన్న సోట మీరొక్క పూట కూకోండి. మీరు కూకోగలిగితే మేమూ కూకుంటాం."

నవ్వు ఆగిపోయింది. ఈసారి ఎవరూ నవ్వలేదు. నాయుడు కోపపడదామంటే ఆమె గొంతులో పట్టుకోవడానికి ఏమీ దొరకలేదు, టీ ఇప్పిద్దామంటే ఆమె ఏమీ అడుక్కోలేదు. పంక్తి అంతా తన వైపే చూస్తోంది.

"కూకుంటాను! నాకేటి భయం?" అన్నాడు.

మర్నాడు పొద్దున్నే నాయుడు మురుగ్గోడ పక్కన పీట వేయించుకుని కూచున్నాడు. ఆడవాళ్ళు ఒట్టిగా కూచోబెట్టలేదు, ముందొక చేపల గంప కూడా పెట్టారు. కాసేపు ఈగలు తోలాడు. ఒక కుక్క వచ్చి ఎదురుగా కూచుని ఎంతో ఆశగా చూసింది. అంతకు మించి ఒక్క బేరమూ రాలేదు. ఆ దారిన పోతున్న పాత స్నేహితుడొకడు ఆగి, "ఏటి నాయుడూ, ఇక్కడేటైనా పారేసుకున్నావా?" అని అడిగాడు. ఎండ గోడ మీదికెక్కి మురుగు వేడెక్కేసరికి నాయుడు కండువా ముక్కుకు కట్టుకున్నాడు. పొద్దు నడినెత్తికి రాకుండానే లేచాడు. పంచె దులుపుకుని, "మీ షెడ్డులో మీరే కూకోండి. వాసనన్నవాణ్ణి నా దగ్గరికి పంపండి, ఆణ్ణిక్కడ కూకోబెడతాను," అన్నాడు. మాట ఇచ్చినట్టే కూచున్నాడు, కూచున్నాక నిజం ఒప్పుకున్నాడు. అది కూడా అందరు పెద్దలకూ చేతనయ్యే పని కాదు.

ఆడవాళ్ళు చేపల పీటల మీద దరువు వేసి, గంపలు నెత్తికెత్తుకుని, గంతులేసుకుంటూ షెడ్డులోకి మళ్ళారు. కానీ నూకాలుకు అంతటితో కడుపు నిండలేదు. నిన్న పంక్తిలో మిగిలిన ఆవపెరుగు ఆమె ఒక డబ్బాలో పోసి, మూత బిగించి దాచుకుంది. నాయుణ్ణి సంతలో అందరి ముందూ ఇంకోసారి ఏడిపించాలన్న సరదాతో అందులో ఇంత అన్నం కలిపి అతని ముందు పెట్టింది.

"ఎండలో కూకున్నారు, బావూ. కాస్త పెరుగన్నం తినెల్లండి."

నాయుడు ఆ డబ్బా చూడగానే ఒక అడుగు వెనక్కి వేశాడు. అయినా ఆడవాళ్ళంతా చూస్తున్నారని, కళ్ళు గట్టిగా మూసుకుని ఒక ముద్ద మింగాడు. అందరూ అతని మీసం వైపే చూశారు. నాయుడు ఒక కన్ను తెరిచాడు. తరవాత రెండో కన్ను తెరిచాడు. మీసం కూడా కదల్లేదు.

"పులిసిన పెరుగే కదే. బాగుంది, ఇంకాస్త ఎయ్యి," అన్నాడు. డబ్బా ఖాళీ చేసి, చెయ్యి కడుక్కుని, ఆమె దగ్గరే ఒక పండుగప్ప చేప కొనుక్కుని, నవ్వుకుంటూ వెళ్ళిపోయాడు.

సాయంత్రం నూకాలు పరుగున ఆశ్రమానికొచ్చింది. పోలమ్మ గారు పందిరి కింద బియ్యంలో రాళ్ళేరుతున్నారు.

"అమ్మగారూ, గెలిసాం! సెడ్డు మాదే!" అని ఆవిడ చుట్టూ ఒక గంతు వేసి, వెంటనే మొహం ముడుచుకుంది. "గానీ ఏటండీ ఇది? నిన్న ఊరు ఊరంతటినీ ఏడిపించింది కదా. అంత జాగర్తగా మూతెట్టి దాసుకున్నాను. ఇయ్యాల దాని ఘాటు ఏటయిపోయింది?"

పోలమ్మ గారు చేట ఒక్కసారి చెరిగి, తలెత్తకుండానే నవ్వారు.

"దాని పని నిన్నే అయిపోయింది కదే," అన్నారు.