సెంబే బిళ్ల కింద అబ్బాయి

మినోరి గీసిన ప్రేమకథని పత్రికవాళ్లు మళ్లీ తిప్పి పంపారు. "అబ్బాయి బాగున్నాడు. అమ్మాయి ఎవరో తెలియడం లేదు" అన్నారట.

మినోరి టోక్యోలో కురోసె అనే పెద్దావిడ దగ్గర మాంగా గీయడం నేర్చుకుంటోంది. మాంగా అంటే జపాన్ బొమ్మల కథలు. కురోసె గీసేవి ఆడపిల్లలు ఇష్టపడి చదివే ప్రేమకథలు. ఆవిణ్ణి అందరూ సెన్సే అంటారు, గురువుగారని.

"ఇంటికి వెళ్లిపోతాను సెన్సే. ఈ పని నాకు రాదు" అంది మినోరి. కళ్లు తుడుచుకుంది. "అమ్మాయి కళ్లు ఇంతింత చేశాను. వాటి నిండా మెరుపు చుక్కలు పెట్టాను. అబ్బాయి వచ్చినప్పుడల్లా వెనక గులాబీలు కూడా వేశాను."

నిజంగానే వేసింది. ఆ కుర్రాడు బడి గేటు దాటినా గులాబీలే, ముక్కు తుడుచుకున్నా గులాబీలే.

సెన్సే టీ తాగుతూ సెంబేలు నములుతోంది. సెంబే అంటే కరకరలాడే బియ్యప్పిండి బిళ్ల. ఆవిడ ప్లేటు దగ్గరికి లాక్కుని, మినోరి గీసిన పేజీల్లో అబ్బాయి ఉన్న చోటల్లా ఒక్కో బిళ్ల పెట్టేసింది.

"అయ్యో, మరకలు పడతాయి సెన్సే!"

"పడనీ. చూడు."

మినోరి చూసింది. ఆ పెద్ద కళ్ల అమ్మాయి చేతులు జోడించి బిళ్లని చూస్తోంది. మునివేళ్ల మీద నిలబడి బిళ్లని చూస్తోంది. కన్నీళ్లతో బిళ్లని చూస్తోంది. మినోరికి అంత ఏడుపులోనూ నవ్వొచ్చింది.

సెన్సే నవ్వలేదు. "ఇవాళ వాన. అబ్బాయి బడికి రాలేదు. సాయంత్రం నీ పిల్ల ఏం చేస్తుంది?"

"అతని కోసం ఎదురుచూస్తుంది."

"అతను రాడు. ఏం చేస్తుంది?"

ఇన్నాళ్లుగా గీస్తున్న పిల్ల గురించి తనకేమీ తెలియదని మినోరికి సిగ్గేసింది.

"పోనీ, నువ్వైతే ఏం చేసేదానివి?"

మినోరి చెవులు ఎర్రబడ్డాయి. "చెబితే నవ్వుతారు."

"అయితే చెప్పకు. గియ్యి" అంటూ సెన్సే తన పెన్సిల్ మినోరి చేతిలో పెట్టింది.

మినోరి వాన గీసింది. గొడుగు గీసింది. గొడుగు కింద ఒక్కతే, నోరు బార్లా తెరిచి పాడుతున్న అమ్మాయిని గీసింది. పాట శ్రుతిలో లేదని ముఖం చూస్తేనే తెలుస్తోంది. బూట్లలోకి నీళ్లు పోతున్నా ఆ అమ్మాయికి పట్టలేదు.

"వానలో ఎవరికీ వినపడదని..." అని గొణిగింది మినోరి. అంతలోనే గాభరాపడింది. "కళ్లు మూసేసుకుంది సెన్సే! చుక్కలెక్కడ పెట్టను?"

సెన్సే ఆ బొమ్మని చాలాసేపు, సొంత మనవరాలిని చూసినట్టు ముద్దుగా చూసింది. తర్వాత పాత పేజీ మీది బిళ్ల ఒకటి తీసి కరుక్కున కొరికింది. కింద అబ్బాయి ముఖం బయటపడింది.

"ఇప్పుడు పిలువు వాణ్ణి" అంది. "ఈ పిల్ల పాట విననీ."