వేరు కాలని మొక్క

అనగనగా, మీ తాతల తాతలకు కూడా తెలియని కాలంలో ఒక రాజు. ఆయనకు ముగ్గురు కొడుకులు. కడసారివాడు కీర్తికేతుకు పెళ్ళి కుదిరింది. తీరా ముహూర్తం వేళకు ధూమకేశుడనే మాంత్రికుడు పెళ్ళికూతురు పద్మగంధిని ఎత్తుకుపోయాడు. వెతకబోయిన పెద్దన్న తిరిగి రాలేదు, చిన్నన్న తిరిగి రాలేదు. ఇక కీర్తికేతే బయలుదేరాడు.

ఏడు సముద్రాలు దాటి గడ్డిసీమ దక్షిణపు ఒడ్డున దిగాడు. కనుచూపు మేరంతా మనిషెత్తు గడ్డే. పైన మాంత్రికుడి పొగ; సూర్యుడు లేడు, చుక్క లేదు. ఒడ్డున ఒక కుందేలు కూర్చుని ఉంది.

"మాంత్రికుడి ప్రాణం చిలకలో ఉంది. చిలక ఈ గడ్డికి ఉత్తరపు కొసన ఉంది," అంది కుందేలు. "మీ అన్నలిద్దరూ లోపల గానుగెద్దుల్లా తిరుగుతున్నారు. నువ్వూ వెళ్ళు."

గడ్డిలో అక్కడక్కడ పసుపు పూల మొక్కలు, మనిషిని మించిన ఎత్తున ఉన్నాయి. మా ఊళ్ళో పొద్దుతిరుగుడు సూర్యుణ్ణి చూస్తుంది కదా, ఇదీ అంతే అనుకున్నాడు కీర్తికేతు. పూల ముఖాలను బట్టి దిక్కు లెక్కవేసుకుని నడిచాడు, నడిచాడు, నడిచాడు. చివరికి కుందేలు దగ్గరికే వచ్చాడు.

"పువ్వును చూసి మోసపోయావా బాబూ? మీ అన్నలూ అంతే. ఈ పూలు తలో దిక్కు చూస్తాయి," అంది కుందేలు. "ఆకులు చూడు."

చూశాడు. చీలికలు చీలికలుగా ఉన్న పెద్ద పెద్ద ఆకులు నిలువుగా నిలబడి ఉన్నాయి. ప్రతి ఆకుకూ ఒక అంచు వెనక సముద్రం వైపు, ఒక అంచు ముందుకు. ఈ మొక్కా అంతే, ఆ మొక్కా అంతే, అవతలి మొక్కా అంతే. సముద్రం దక్షిణమైతే రెండో అంచు ఉత్తరమే కదా. ఎంత బుద్ధిగల మొక్క అనుకుని చేతులు జోడించాడు.

మొక్క తర్వాత మొక్కను చూసుకుంటూ నడుస్తుంటే, మాంత్రికుడు కనిపెట్టి గడ్డికి నిప్పు పెట్టాడు. కీర్తికేతు అప్పుడే దాటిన వాగులోకి వెనక్కి ఉరికి, మునిగి బతికాడు. లేచి చూస్తే ఏముంది, అంతా బూడిద. పద్మగంధి ఇక దక్కదని గట్టున కూలబడి ఏడ్చాడు.

వాన కురిసింది. నల్లటి నేలలోంచి పచ్చటి మొలకలు లేచాయి. పెరిగీ పెరగకముందే ఆకులు తిప్పుకున్నాయి, ఒక అంచు దక్షిణానికి, ఒక అంచు ఉత్తరానికి. కీర్తికేతు కళ్ళు తుడుచుకుని, వాగును వెనక్కి పెట్టి, వాటి వెంటే ఉత్తరపు కొసకు చేరాడు. చిలకను పట్టేసరికి మాంత్రికుడు పరుగున వచ్చి కాళ్ళ మీద పడ్డాడు.

"అంతా కాల్చేశాను. ఎలా రాగలిగావు?"

"పైన కాల్చావు. వేరు ఎంత లోతుందో నీకు తెలీదు."

చిలక మెడ విరిచాడు. మాంత్రికుడు చచ్చాడు, పొగ విడిపోయింది, పద్మగంధి చెర వీడింది. వాగు మరో వంపులో మునిగి బతికిన అన్నలకూ దారి దొరికింది.

అంత గొప్ప మొక్కను తమ రాజ్యానికి తీసుకుపోదామని ముగ్గురన్నదమ్ములూ తవ్వారు. నడుములోతు తవ్వారు, మెడలోతు తవ్వారు, తల మునిగేదాకా తవ్వారు. వేరు తుద దొరకలేదు.

"ఇంకా తవ్వకండి," అంది గోతి గట్టున నిలబడ్డ పద్మగంధి. "దీన్ని మనం పట్టుకుపోతే, రేపు ఇక్కడ దారి తప్పినవాళ్ళు ఎవర్ని అడుగుతారు?"

కీర్తికేతు గోతిలోంచి పైకి వచ్చాడు. తవ్విన మన్నంతా తన చేతులతోనే పూడ్చి, మొక్కకు నీళ్ళు పోసి, ఇంటిదారి పట్టాడు. పెళ్ళయి, పట్టాభిషేకమై, మనవలను ఎత్తుకునేదాకా చల్లగా ఏలాడు. ఎంత పెద్ద పనికైనా రాణిని అడిగాకే అడుగు వేసేవాడట.